మిరప గదికి కొత్త నేల

మా ఆయన నన్ను ఎప్పుడూ ఒక మాట అంటుంటారు. "నీకు పాలు పొంగినా భయమే, పొంగకపోయినా భయమే" అని. నిజమే, నేను పుట్టు భయస్తురాలిని. అయితే ఆ భయమే నాకు ఇన్నేళ్లు అన్నం పెట్టింది. గుంటూరులో ఒక ఇంటీరియర్ దుకాణంలో నాది చెప్పుకోవడానికి చాలా చిన్న ఉద్యోగం. ఇంట్లో లామినేట్ నేల, అంటే అచ్చం చెక్కలా కనిపించే రెడీమేడ్ పలకల నేల, వేయించుకుంటామన్న వాళ్ల దగ్గరికి అందరికంటే ముందు వెళ్లి, ఉన్న నేలను పరీక్షగా చూసి, దాన్ని ఎలా సిద్ధం చేయాలో, లామినేట్ కింద ఏం పరవాలో తేల్చి రావడం. పని సవ్యంగా జరిగితే మెచ్చుకోళ్లు మేస్త్రీకి వెళ్తాయి. ఆరు నెలలకు నేల ఉబ్బితే మాత్రం చూసొచ్చింది ఎవరంటూ నా పేరు వెతుకుతారు. అందుకని ప్రతి ఇంటి గుమ్మం దగ్గరా ఆగి, సంచిలో అన్నీ ఉన్నాయో లేదో ఒకసారి తడిమి చూసుకునేదాన్ని.

ఇప్పుడు ఈ పనిలోకి వస్తున్న పిల్లలు మీరు చాలా చురుకైనవాళ్లు. ఫొటో పంపండి, కొలతలు పంపండి, సాయంత్రానికి సరుకు దింపేస్తాం అంటున్నారు. బాగానే ఉంది. కానీ ఫొటోలో నేల ఒక్కటే పడుతుంది. ఆ నేల కింద ఎవరు పడుకుని ఉన్నారో పడదు. ఈ సంగతి మీకు చెప్పాలనే రాస్తున్నాను. సలహా అనుకుంటే సలహా, ముసలిదాని చాదస్తం అనుకుంటే అదీ సరే.

పర్చూరు దాటి లోపలికి వెళ్తే వచ్చే ఒక ఊళ్లో రైతు కుటుంబం వాళ్లది. ఫోన్ చేసినాయన మిరప, పొగాకు వేస్తాడు. "మేడమ్ గారూ, మాది పాత మేడండి. పైన చెక్క నేల. దాని మీద మీ లామినేట్ పరవాలి. కాస్త తొందరగా రావాలండి" అన్నాడు. తొందర లేని వాళ్లెవరు అనుకుని వెళ్లాను.

ముందు గదిలోనే మంచం వేసి ఉంది. మంచం పక్కన ఆక్సిజన్ మిషన్ బుడబుడమంటోంది. మంచం మీద ముక్కుకు గొట్టం పెట్టుకుని ఒక పెద్దాయన కూర్చున్నాడు. ఫోన్ చేసినాయనకి అన్నగారు. పెళ్లి చేసుకోలేదు. తండ్రి పోయాక తమ్ముణ్ని తనే పెంచాడు. జీవితమంతా మిరపకాయలతోనే గడిపాడు. పండించాడు, ఊళ్లవాళ్ల కాయ కొని నిలవ చేశాడు, ధర వచ్చినప్పుడు అమ్మాడు. ఆ దుమ్ము, దానికి తోడు చుట్టలు, రెండూ కలిసి ఊపిరితిత్తుల్ని తినేశాయి.

"నేల చూడ్డానికొచ్చింది నువ్వేనా అమ్మాయ్? పో, పైకెళ్లు. అడుగు మాత్రం మెల్లగా వెయ్యి" అన్నాడు. ఆ ఒక్క వాక్యానికీ రెండుసార్లు ఆగాడు.

చెక్క మెట్లెక్కి పైకి వెళ్లాం. టేకు పలకల నేల. పాతదైనా గట్టి సరుకు. కానీ పలకకీ పలకకీ మధ్య గోరు దూరేంత సందు ఉంది. ఎండిపోయి విడిపోయాయేమో అనుకున్నాను. "కాదండి, కట్టినప్పుడే అలా వదిలి వేయించారు" అన్నాడు తమ్ముడు. "కోల్డ్ స్టోరేజీలు లేని రోజుల్లో కాయంతా ఇక్కడే పోసేవాళ్లం. కింద నుంచి గాలాడాలని సందులు పెట్టించాడు మా అన్నయ్య. మా మిద్దె మీద కాయ ఒక్కటి కూడా బూజు పట్టేది కాదండి."

నేను గది మధ్యకి నడిచాను. నా కాలి కింద పలక చిన్నగా కదిలింది. కింద నుంచి దగ్గు వినబడింది. ఆగాను. దగ్గు కూడా కాసేపటికి ఆగింది. ఇంకో అడుగు వేశాను. మళ్లీ దగ్గు. వంగి సందు వెంబడి వేలు రాసి చూస్తే ఎర్రగా, మెత్తగా, కుంకుమలా అంటుకుంది. ఏళ్ల తరబడి నలిగిన కాయ ఆ సందుల్లో, పలకల అడుగున, దూలాల మీద పేరుకుని ఉంది. మనం అడుగు వేసినప్పుడల్లా చిటికెడు చిటికెడు కిందకు, సరిగ్గా ఆ మంచం మీదకు రాలుతోంది. నాకు కాళ్లు కదపబుద్ధి కాలేదు.

"చూశారుగా" అన్నాడు తమ్ముడు గొంతు తగ్గించి. "ఆయన మంచం, ఆ మిషను వచ్చాక కింద చోటు లేక నేనూ మా ఆవిడా ఇక్కడే పడుకుంటున్నాం. మేం ఒత్తిగిల్లినా ఆయన మీద పడుద్ది. ఇంకోసారి ఆయాసం గట్టిగా వస్తే తట్టుకోలేడని డాక్టరుగారు చెప్పేశారండి."

కింద సీలింగు వేయించుకోవచ్చు కదా అని అడిగాను. ఆ సందుల్లోంచి దుమ్మే కాదు, మాటలు కూడా దిగుతాయని నాకు తట్టలేదు. "నా దూలాలకి మేకులు కొడితే ఊరుకోను!" అని కింద నుంచి కేక. "దగ్గరుండి కోయించి బండి మీద తెచ్చుకున్నా. పొద్దస్తమానం నేను చూసేది వాటినే. వాటినీ మూసేస్తే ఇంక ఏం చూడమంటావమ్మాయ్?" ఆ కేకకు ఆయన చాలాసేపు దగ్గాల్సి వచ్చింది. సీలింగు మాట అక్కడితో మానేశాను.

నేల మీద అల్యూమినియం బద్ద, దాని మీద రసమట్టం పెట్టి చూశాను. మిట్టపల్లాలు ఉన్నాయి గానీ, సర్దుకోలేనివి కావు. కొన్ని పలకలు వదులుగా ఉన్నాయి. మంచానికి సరిగ్గా పైన ఉన్న ఒక పలక మాత్రం నాకు నచ్చలేదు. కాలు పెడితే మిగతావాటికంటే ఎక్కువ లొంగుతోంది. లామినేట్‌ని నేలకి మేకులతో కొట్టరు. పలకల అంచులు ఒకదాన్లో ఒకటి బిగించి, ఊరికే పరిచేస్తారు. కాబట్టి కింద నేల కదిలితే పైనున్నది కూడా కదులుతుంది. రెండింటికీ మధ్య వేసే పరుపు లాంటి దాన్నే అండర్‌లే అంటాం.

సంచిలోంచి నమూనాలు తీసి పరిచాను. ఇంటావిడ వచ్చి ఒక్కోదాన్నీ బొటనవేలితో నొక్కి చూసింది. అందరు ఆడవాళ్లూ నొక్కుతారు, నేనూ మొదట్లో నొక్కినదాన్నే. అన్నిటికంటే మందంగా, మెత్తగా ఉన్న ఫోమ్ ఆవిడకి నచ్చింది. "ఇది భలే ఉందక్కా. నడిస్తే చప్పుడు కూడా ఉండదు" అంది.

"పరుపు మీద పీట వేసుకుని కూర్చుంటే ఏమవుతుందమ్మా?"

"ఊగుద్ది."

"ఇదీ అంతే. ఊగి ఊగి అంచుల బిగింపులు విరుగుతాయి. అప్పుడు మళ్లీ సందులే."

ఆవిడ ఫోమ్ పక్కన పెట్టేసింది. ఈలోగా తమ్ముడు మూలనున్న పెద్ద నీలం పట్టా ఈడ్చుకొచ్చాడు. కల్లంలో మిరపకాయ మీద మంచు పడకుండా కప్పే ప్లాస్టిక్ పట్టా. "ఇదేసి దీని మీద మీ సరుకు వేయండి. చీమ కూడా కిందకి దిగదు" అన్నాడు.

అతని లెక్క తప్పని చెప్పడం నాకూ కష్టమైంది. సిమెంటు నేల అయితే మేమే ప్లాస్టిక్ పరుస్తాం. కానీ కింద చెక్క ఉంది. వానాకాలం గాలి చెమ్మ కింద నుంచి ఆ పలకలకు పడుతుంది. పైన ప్లాస్టిక్ మూసేస్తే ఆ చెమ్మ పోయే దారి లేక పలకలు, దూలాలు మెల్లగా మెత్తబడతాయి. దుమ్ము ఆపితే చెక్క పోతుంది, చెక్కని చూసుకుంటే మనిషి పోతాడు. "చెక్క మీద పట్టా వద్దండీ" అని నేను నసుగుతుంటే, కింద నుంచి మళ్లీ గొంతు లేచింది.

"ఒరేయ్! పోయినేడు ఆరీ ఆరని కాయ మీద పట్టా కప్పి ఏం చేశావురా?"

తమ్ముడు తల దించుకున్నాడు. "చెమ్మ పట్టి తెల్లబడిందన్నయ్యా."

"మరి చెక్క మాత్రం చెమటపట్టదంట్రా? ఆవిడ చెప్పేది విను!"

నేను చెప్పాల్సింది ఆయన మంచం దిగకుండానే చెప్పేశాడు. చివరికి నేను తేల్చింది ఇది. ముందు సందులన్నీ శుభ్రం చేసి, వదులు పలకలను స్క్రూలతో బిగించాలి. ఆ పైన దళసరి ఖాకీ కాగితం, అతుకులు ఒకదాని మీదకి ఒకటి వచ్చేలా వేసి టేపు అంటించాలి. కాగితం దుమ్ముని ఆపుతుంది, చెమ్మను మాత్రం వదులుతుంది. దాని మీద చెక్కపీచుతో చేసిన గట్టి బోర్డు అండర్‌లే. అది చిన్న మిట్టపల్లాలు మింగేస్తుంది, ఊగదు, చప్పుడు కూడా బాగా ఆపుతుంది. ఆ పైన లామినేట్, పాత పలకలకి అడ్డంగా.

దుకాణానికి వచ్చి చెబితే మా యజమాని విసుక్కున్నాడు. "అందరికీ వేసేదే వేయక ఈ కాగితాలేంటమ్మా, పెళ్లి పందిరా?" అని. మా మేస్త్రీ అయితే నవ్వాడు. పనిలో అతనికి తిరుగులేదు, నోటికి అడ్డు లేదు. నా వెనక నాకు పెట్టిన పేరు 'అమ్మో మేడమ్'. చెక్కను అరగదీసే సాండింగ్ మిషన్‌తో ఒక్క పూటలో నేలంతా చదును చేస్తానన్నాడు. ఆ మిషన్ ఆ గదిలో తిరిగితే వీధి వీధంతా దగ్గుతుందని, గుమ్మం దాటనివ్వనని చెప్పాను. సుత్తి కూడా వద్దన్నాను. దెబ్బ దెబ్బకీ దుమ్ము రాలుతుందని. "మేస్త్రీని పిలిచి సుత్తి వద్దంటే, వంటవాణ్ని పిలిచి గరిటె వద్దన్నట్టుందండీ" అని సణిగాడు గానీ, సుత్తి తీసుకురాలేదు.

లామినేట్ పెట్టెలు ముందే పంపించి, ఆ ఇంటి గాలికి అలవాటు పడాలని కొన్నాళ్లు ఆ గదిలోనే ఉంచాం. ఆ రోజుల్లో నాకు సరిగా నిద్ర లేదు. పనిరోజు పెద్దాయన్ని ఎక్కడికి మార్చాలన్నదే బెంగ. ఊరు దాటడానికి ఆయన ఒప్పుకోలేదు. చివరికి ఎదురింటి వరండాలో మంచం వేసి, మిషన్ అక్కడికి మార్చి, పని అయ్యేదాకా అక్కడే ఉంటానని ఆయన చేత నా చేతిలో చెయ్యి వేయించుకున్నాను.

"సొంతింట్లోంచి గెంటేస్తున్నావు కదమ్మాయ్" అంటూనే తమ్ముడి భుజం పట్టుకుని రోడ్డు దాటాడు.

నేనూ, మేస్త్రీ, తమ్ముడూ ముక్కులకు తడిగుడ్డలు కట్టుకుని మొదలుపెట్టాం. వాక్యూమ్ మిషన్‌కి సన్న మూతి పెట్టి ఒక్కో సందునీ పీల్చుకుంటూ పోయాడు మేస్త్రీ. సంచి నిండుతోంది, ఖాళీ చేస్తున్నాం, మళ్లీ నిండుతోంది. మా అందరికీ కళ్లలోంచి, ముక్కుల్లోంచి ధారలు. "దీంతో ఊరందరికీ పచ్చడి నూరొచ్చు మేడమ్" అన్నాడు మేస్త్రీ. నవ్వితే ఇంకా ఘాటెక్కింది. అయినా పని చక్కగా సాగుతోంది. అంత చక్కగా సాగడమే నాకు భయమేసింది.

నాకు నచ్చని ఆ పలక దగ్గరికి వచ్చాం. స్క్రూ బిగిస్తే పట్టు దొరకలేదు. కొన పుచ్చిపోయింది. దాన్ని ఎత్తి మార్చాల్సిందే, వేరే దారి లేదు. వాక్యూమ్ మూతి పక్కనే పెట్టుకుని, దుమ్ము లేచేలోపే పీల్చేస్తూ ఎత్తుదామన్నాను. మేస్త్రీ చిన్న పలుగు పెట్టి ఎత్తడం మొదలుపెట్టాడు. సగం లేచింది. సరిగ్గా అప్పుడే కరెంటు పోయింది.

వాక్యూమ్ ఆగిపోయింది. "ఆగు, ఆగు" అన్నాను. కరెంటు వస్తుందేమోనని పలకను పలుగు మీద అలాగే ఆనించి ఓ ఐదు నిమిషాలు ఎదురుచూశాం. కానీ లేచిన పలక బరువుకి పుచ్చిన కొన విరిగి, పక్కకు జారింది. దాని కింద దూలం మీద పేరుకున్నదంతా ఒక్కసారిగా కిందకు పడింది. తట్టతో గుమ్మరించినట్టు పడింది. గది ఖాళీయే కదా, మనిషి లేడు కదా అనుకున్నాను. ఆ మాట మనసులో పూర్తి కాకముందే కింద నుంచి దగ్గు వినపడింది.

తర్వాత తెలిసింది. కరెంటు పోగానే ఎదురింటి వరండాలో ఆయన ఆక్సిజన్ మిషన్ కూడా ఆగింది. కరెంటు పోతే వాడే సిలిండరు ఆయన గదిలో మంచం పక్కనే ఉండిపోయింది. దాన్ని అక్కడికి చేర్చాలని మాలో ఎవరికీ తోచలేదు. మరదలు ఎదురింటి వంటగదిలో ఆయనకే కాఫీ కలుపుతోంది. పైన మా మిషన్ హోరు ఆగడంతో పని అయిపోయిందనుకున్నాడు. సొంతింటికి వెళ్లడానికి ఒకరిని పిలవడమెందుకని గోడలు పట్టుకుంటూ తనే నడిచి వచ్చాడు.

మెట్లు ఎలా దిగానో తెలియదు. గదంతా ఎర్రటి పొగలా ఉంది. ఆయన మంచంకోడు పట్టుకుని నేల మీద కూర్చుండిపోయాడు. నోరు తెరుస్తున్నాడు, గాలి మాత్రం లోపలికి పోవడం లేదు. తమ్ముడు ఆయన్ని చంటిపిల్లాణ్ని ఎత్తినట్టు ఎత్తుకుని అరుగు మీదకి తెచ్చాడు. నా ముక్కుకున్న తడిగుడ్డ విప్పి ఆయన మొహం తుడిచాను. సిలిండరు వచ్చింది. తమ్ముడు ఎంత తిప్పినా దాని మూత తిరగడం లేదు. "జరగండి" అంటూ మేస్త్రీ తోసుకొచ్చి, పానా పెట్టి ఒక్క తిప్పు తిప్పాడు. గాలి బుస్సుమంది. ఆయన పెదాలు నీలంగా ఉన్నాయి. అప్పుడు నేను మొక్కని దేవుడు లేడు.

కారులో చీరాల ఆసుపత్రికి తీసుకెళ్లారు. కారు ఎక్కబోతూ తమ్ముడు నా వైపు చూసి, "ఆపేయండి మేడమ్. వద్దు, ఇంకేం వద్దు" అన్నాడు. నేను అరుగు మీద కూలబడ్డాను. మేస్త్రీ సామాన్లు సర్దడం మొదలుపెట్టాడు.

ఇంటావిడ కారు వెళ్లిన వైపు చూస్తూ నిలబడింది. కొంగుతో మొహం తుడుచుకుని మా దగ్గరికి వచ్చింది. "ఎవరాపమన్నారు?" అంది. "బావగారు మంచంలోంచి చూస్తే పైన అంత బొక్క కనపడాలా? ఆయన తిరిగొచ్చేసరికి అయిపోవాలక్కా. మీరు ఇప్పుడు వెళ్లిపోతే ఆయన ఏ గదికి తిరిగొస్తాడు?"

మగవాళ్లు తేల్చలేనిది ఆవిడ తేల్చింది. తిరిగొస్తాడా రాడా అన్న ప్రశ్నను ఆవిడ దగ్గరికే రానివ్వలేదు. కరెంటు వచ్చాక మళ్లీ మొదటి నుంచి శుభ్రం చేశాం. పైన, కింద, దూలాల మీద, మంచం మీద. కొత్త టేకు ముక్క కోసి అతికాడు మేస్త్రీ. మర్నాడు కాగితం పరిచాం. ఒక్కో అతుకునీ నేను మోకాళ్ల మీద పాకుతూ అరచేత్తో ఒత్తి చూశాను. నన్ను వెక్కిరించే మేస్త్రీయే, "మేడమ్, ఆ మూల ఇంకోసారి చూడండి" అని పిలిచాడు. గోడల పొడుగునా కాస్త ఎడం వదిలి లామినేట్ బిగించాం. ఫోన్ మోగితే చాలు, ఇద్దరం పని ఆపి ఇంటావిడ మొహం చూసేవాళ్లం.

బతికాడు. చాలా రోజులకు, ఇంకా సగమై ఇంటికి వచ్చాడు. ఆ కబురు విన్న రోజు దుకాణంలో వెనక్కి వెళ్లి, ఫోమ్ చుట్టల మధ్య కూర్చుని ఏడ్చాను.

వానాకాలం దాటాక నేల ఎలా ఉందో చూడటం మా పద్ధతి. వెళ్లాను. ఆయన మంచంలో నిద్రపోతున్నాడు. లేపడమెందుకని పైకి వెళ్లాను. నేల అద్దంలా ఉంది. ఎక్కడా ఉబ్బు లేదు, బిగింపు వదలలేదు. గది ఆ చివర నుంచి ఈ చివర దాకా నడిచాను. ధైర్యం చేసి ఒకచోట గట్టిగా కాలు తాటించి చెవులు రిక్కించాను. దగ్గు లేదు. ఉద్యోగంలో అంత ఆనందం నాకు ఇంకెప్పుడూ కలగలేదు. కిందకు దిగేసరికి ఆయన కళ్లు తెరిచి ఉన్నాడు.

"ఎప్పుడొచ్చావమ్మాయ్?"

"ఇప్పటిదాకా మీ నెత్తి మీదే నడిచానండి. వినపడలేదా?" అన్నాను గర్వంగా.

"లేదు" అన్నాడు. దూలాల వైపు చూశాడు. "మంచి పనే చేశావు. చిటికెడు దుమ్ము రాలట్లేదు. కానీ రాత్రిళ్లు ఆయాసం వచ్చినప్పుడు, పైన మా వాడు ఒత్తిగిల్లిన చప్పుడు వినపడేది. సరే, వీడున్నాడు, పిలిస్తే వస్తాడు అనుకునేవాణ్ని. ఆసుపత్రి నుంచి వచ్చిన కొత్తలో పైన మనిషున్నాడో లేడో తెలిసేది కాదు. నా పిలుపు కూడా పైకి పోయేది కాదు. భయమేసిందమ్మాయ్."

దుమ్ము గురించి భయపడ్డాను, చెమ్మ గురించి, పుచ్చిన పలక గురించి, కరెంటు గురించి భయపడ్డాను. ఇంత భయస్తురాలిని, ఈ ఒక్క భయం మాత్రం నా ఊహకు అందలేదు. పిలవడానికి ఒక గంట పెట్టిద్దామనో, మరొకటనో ఏదో చెప్పబోతుంటే తమ్ముడు పొలం నుంచి వచ్చాడు. కాళ్లు కడుక్కుని, నన్ను పలకరించి, అన్న మంచానికీ గోడకీ మధ్య ఉన్న కాస్త జాగాలో చుట్టి పెట్టిన చాప పరుచుకుని నడుం వాల్చాడు. ఇద్దరు పట్టని చోటు అది. ఒక భుజం గోడకి, ఒక భుజం మంచంకోడుకి ఒరుసుకుంటోంది.

"పైన పడుకోవడం లేదా మీరు?" అని అడిగాను.

"మొదటి నాలుగు రాత్రుళ్లు పడుకున్నామండి. ప్రతి గంటకీ దిగొచ్చి చూసి పోయేవాణ్ని" అన్నాడు కళ్లు మూసుకునే. "ఇప్పుడు మా ఆవిడొక్కతే పైన పడుకుంటోంది. ఆవిడ ఎంత తిరిగినా ఈయనకి ఇబ్బంది లేదు."

పెద్దాయన చెయ్యి మంచం మీద నుంచి కిందకు జారి తమ్ముడి తల మీద ఆగింది. నేను చెప్పులు తొడుక్కుంటుంటే ఆయనకి మళ్లీ నిద్ర పట్టింది.